పరదా వెనక నుంచి అడిగిన మాట

మొగల్తూరులో మా ఇంట్లోనే నా నిఖా జరిగింది. నేనప్పటికే టీచర్ ట్రైనింగ్ పూర్తిచేశాను. నాన్న ఇద్దరు సాక్షులతో పరదా దగ్గరికొచ్చి, "ఈ సంబంధం నీకిష్టమేనా అమ్మా?" అని అడిగారు.

పెళ్లికూతురు నోరు విప్పకూడదని మేనత్త నా తల వంచబోయింది. నేను ఆవిడ చెయ్యి తప్పించుకుని, "పెళ్లయ్యాక ఉద్యోగం చెయ్యనిస్తారేమో కనుక్కోండి నాన్నా" అన్నాను. అత్త నోరు నొక్కుకుంది. నాన్న కోప్పడకుండా పందిట్లోకెళ్లి, నవ్వుతూ తిరిగొచ్చారు.

"చెయ్యమన్నాడమ్మా. అబ్బాయికి వంట కూడా వచ్చట, చెప్పమన్నాడు."

"ఇష్టమే" అని అందరికీ వినపడేలా చెప్పాను.

వంట సంగతి అబద్ధమని కాపురానికెళ్లిన వారానికే తెలిసింది. పాపం, అత్తగారి పక్కన కూర్చుని నేర్చుకున్నారు. నేను బడికెళ్లినన్నాళ్లూ క్యారేజీ ఆయనే సర్దేవారు. పులుసులో ఉప్పెక్కువైన రోజు కూడా ఖాళీ చేసే తెచ్చేదాన్ని.