భజన వేగంలో ఫంక్

వైకాటో ఫంక్ సంగీత మహాచరిత్ర రాయడానికి ఈ ఉదయమే పూనుకున్నాను. మహాచరిత్ర అంటే మరేం లేదు, న్యూజిలాండ్‌లోని ఈ వైకాటో ప్రాంతంలో, హామిల్టన్‌లో ఒక పబ్బు, మూడో నాలుగో బ్యాండ్లు, ఏ బ్యాండు వాయించినా వచ్చే అదే జనం. కారు అద్దం మీద గడ్డకట్టిన మంచును ప్లాస్టిక్ కార్డుతో గీకుతూ, కారుండాల్సిన గ్యారేజీలో వెచ్చగా పడుకున్న డ్రమ్స్‌ని చూస్తే ఇదంతా గుర్తొచ్చింది. ముప్పై దాటిన మన తరానికి జ్ఞాపకాలు నడుంనొప్పితో కలిసే వస్తాయి.

ఆ డ్రమ్స్ ఫిజీ అంకుల్‌వి. తాతల నాడు ఫిజీ చేరిన తెలుగువాళ్లింట్లో పుట్టి, భజనల్లో డోలక్ వాయిస్తూ పెరిగి, రిటైరయ్యే వయసులో మా బ్యాండులో చేరారు. నాది బేస్ గిటారు. మా ఆఫీసులో పనిచేసే కివీ మిత్రుడు గిటారిస్టు, బ్యాండుకు పెద్ద కూడా. భజన అన్నాక నెమ్మదిగా మొదలై చివరికి పరుగందుకోవాలి, ఫంక్ అన్నాక మొదలెట్టిన వేగంలోనే కుదురుగా ఊగుతుండాలి. అంకుల్ చేతులకు ఈ తేడా పట్టేది కాదు. ఏ పాటైనా చివరికొచ్చేసరికి హారతి వేళ అయిపోయేది. జనం చెమటలు కక్కుతూ గెంతేవాళ్లు, మేము రొప్పుతూ అంకుల్ వెంటపడేవాళ్లం.

శుక్రవారాలన్నీ మీకే ఇస్తాం, ముందొకసారి విని చూస్తాం అని పబ్బువాళ్లు అన్నప్పుడు గిటారిస్టు తేల్చేశాడు: అంకుల్ కుదురుగానైనా వాయించాలి, లేదా తప్పుకోవాలి. ఆ కబురు మోసే భాగ్యం, తెలుగువాణ్ణి గనుక, నాకే దక్కింది.

వాళ్లింట్లో భోజనాల దగ్గర చెప్పాను, అంకుల్ పప్పన్నం కలుపుతూ విన్నారు. వారమంతా ఇళ్లకు రంగులేసే మనిషికి ఆ బ్యాండు తప్ప వేరే సరదా లేదు.

"ఆ టిక్కుటిక్కు మిషనేదో తేవయ్యా, నేర్చుకుంటా," అన్నారు.

"పెళ్లయినప్పట్నుంచీ మెల్లగా నడవండని చెప్తున్నా, ఒక్కనాడు విన్నారా," అంది ఆంటీ, నా కంచంలో ఇంకో గరిటె వేస్తూ.

నేర్చుకున్నారు. పబ్బువాళ్లు వినే రాత్రి, చెవిలో ఆ తాళం కొట్టే మెట్రోనోమ్ పెట్టుకుని మొదటి భాగమంతా గడియారంలా వాయించారు. జనం బ్యాంకు వరుసలో ఉన్నట్టు చేతులు కట్టుకుని నిలబడ్డారు. విరామంలో పబ్బు యజమానురాలు నా దగ్గరికొచ్చి, అంకుల్‌కి ఒంట్లో బాలేదా అని అడిగింది. పక్కనే ఉన్న గిటారిస్టు వెళ్లి అంకుల్ చెవిలోంచి ఆ యంత్రం తీసి తన జేబులో వేసుకున్నాడు.

తర్వాత జరిగింది ఫంక్ అని నేను ప్రమాణం చేయలేను. శుక్రవారాలు మాత్రం మావయ్యాయి. ఈ ప్రాంతపు ఫంక్‌లో మా బ్యాండు పాత్ర అంతే: మిగతావాళ్లు సంగీతం వినిపించేవాళ్లు, మేము జనాన్ని అలసిపోయేలా చేసి ఇళ్లకు పంపేవాళ్లం.

ఇప్పుడు పబ్బు ఉన్నచోట టైల్స్ షాపుంది. గిటారిస్టు ఆస్ట్రేలియా వెళ్లాడు, ఇక్కణ్ణుంచి అందరూ వెళ్లేది అక్కడికే. అంకుల్ కూడా బ్రిస్బేన్‌లో కూతురి దగ్గరికి వెళుతూ, మళ్లీ వచ్చి తీసుకెళతానని డ్రమ్స్ నా దగ్గర పెట్టారు. నిన్న ఫోన్ చేసి, మోకాళ్లు పోయాయి, ఇక అమ్మెయ్యవయ్యా అన్నారు. సరేనన్నాను గాని, చేతులు రాలేదు. ఈ మధ్య నా రోజులన్నీ ఆ మొదటి భాగంలాగే ఒకే వేగంతో, తప్పు లేకుండా సాగుతున్నాయి. నా చెవిలోంచి ఆ యంత్రం తీసి జేబులో వేసుకునేవాళ్లే లేరు.

కాబట్టి డ్రమ్స్ అమ్మను, అవి లోపలే ఉంటాయి, కారు బయటే ఉంటుంది. అద్దం మీది మంచుకు గోరువెచ్చని నీళ్లు చాలు. మరిగేవి పోస్తే అద్దం పగులుతుంది.