ఆ ‘అలాగే’కి అర్థం

తొంభైల్లో ఓ వేసవి పొద్దున ముక్తేశ్వరం రేవులో గోదావరి దాటించే పంటు కోసం కూర్చుని, ఒక పాత సంస్కృత నాటకం మీద వచ్చిన వ్యాఖ్యానాలు తిరగేస్తున్నాను. భార్యను వదిలేసిన రాజు ఏళ్ళ తర్వాత తిరిగొచ్చి క్షమించమంటాడు. ఆమె ‘అలాగే’ అంటుంది. నాటకం అక్కడితో అయిపోతుంది. అది క్షమించడమేనని తొలి వ్యాఖ్యాత రాశాడు. మూడు వందల ఏళ్ళ తర్వాత మరొకాయన, కాదు, ఎత్తిపొడుపన్నాడు. ఈ కాలపు పండితుడైతే అసలు తాటాకు మీద నకలు రాసినవాడి పొరపాటన్నాడు. నా సిద్ధాంత వ్యాసం ఆ ఒక్క మాట దగ్గరే ఏడాదిగా ఆగిపోయింది.

పక్కన ఒక పెద్దావిడ చీపురు కోసం కొబ్బరాకుల్లోంచి ఈనెలు తీస్తోంది. “అంతలా ఏం చూత్తన్నారండీ?” అని అడిగితే కథంతా చెప్పాను.

“ఆ మాటన్నప్పుడు ఆవిడ చేత్తో ఏం పని చేత్తందండీ?”

“అది పుస్తకంలో లేదండీ.”

“మరెలా తెలుత్తాదండీ?” అని, కత్తి ఆపకుండా ఆకు చీలుస్తూనే “ఆయ్” అంది. మా వైపు ‘అలాగే’ అనడానికి అదే మాట. తర్వాత కత్తి పక్కన పెట్టి, నావైపు తిరిగి, మళ్ళీ “ఆయ్” అంది. గొంతు ఏమీ మారలేదు.

ఇంతలో పంటు వచ్చింది. ఆవిడ పేరైనా అడగలేదు.

వ్యాసంలో ఆ సంగతి రాయలేకపోయాను. ఆధారం ఎక్కడుందంటే ఏ పుట చూపించను? కానీ ఇప్పటికీ ఇంటికి ఆలస్యంగా వెళ్ళి, తప్పైపోయిందంటే, మా ఆవిడ “ఆయ్” అంటుంది. నేను ముందు ఆవిడ చేతులవైపు చూస్తాను.