వంక పెట్టినోడే కొంటడు

కొత్త గుడ్డ గంజి వాసన ముక్కుకు తగిలిందంటే ఈ వయసులో కూడా నా కుడిచేతి వేళ్లు వాటంతటవే అలలాగా కదులుతాయి. పక్కనున్నవాళ్లు తిమ్మిరి అనుకుంటారు, నేనూ కాదనను.

జనగామలో మా బాపు బట్టల దుకాణం వాసన అది. మార్కెట్‌కు పత్తి బండ్లు వచ్చే చలికాలమంతా, పల్లెలనుంచి దిగినవాళ్లు తెల్లటి పరుపు మీద కూర్చుని, మా అవ్వ పెట్టిన అల్లం చాయ ఊదుకుని తాగుతూ సగం ధరకు అడుగుతుంటే, బాపు గుడ్డ తాను అంచు పట్టుకుని ఒక్క విసురు విసిరేవాడు; గుడ్డ అలలు అలలుగా పరుచుకుంటూ పోయి సరిగ్గా వాళ్ల మోకాళ్ల దగ్గర ఆగేది. "చూస్తే పైసలు వడయ్, చూడుండ్రి" అనేవాడు. ఎవరైనా రంగు బాగాలేదనో, అంచు సన్నమనో అంటే నా చెవిలో, "వంక పెట్టినోడే కొంటడు బిడ్డా. మంచిగుందన్నోడు పోతడు" అని పాఠం చెప్పేవాడు.

నేను ఏడో తరగతిలో ఉండగా ఊరికి బ్రేక్ డ్యాన్స్ జ్వరం పట్టింది. సైకిల్ షాపు ముందు, బస్టాండులో, ఆఖరికి సకినాలు ఆరబెట్టిన వాకిట్లో కూడా పిల్లలు కీళ్లు ఊడినట్టు ఆడేవారు, పెద్దలు గొంతు పోయేలా తిట్టేవారు. బడి వార్షికోత్సవంలో ఆడతానని నేనూ పేరిచ్చేశాను. ఇంట్లో ఒప్పుకోకపోతే పేరు కొట్టేస్తానంది టీచరు.

"ఆడపోరివి, గా ఫిట్స్ వచ్చినట్టు ఊగుడేంది? దవాఖానకు తోల్కపోవాల్నా?" అన్నాడు బాపు.

"జర చూడు బాపు. చూస్తే పైసలు వడ్తయా?"

గడప దగ్గర పోకలు కత్తిరిస్తున్న అవ్వ కొడుకును చూసి పకపకా నవ్వింది. "నీ సరుకు నీకే అమ్మవట్టె గదరా!"

దుకాణం నడుమ నిలబడి ఆడాను. కుడి వేళ్లనుంచి ఎడమ వేళ్లదాకా అల పోవాలి. భయానికి అల సగందాకే పోయింది. బాపు చాలాసేపు చూసి ముఖం చిట్లించాడు.

"భుజం కాడ ఆగుతాంది, చినిగిన గుడ్డ లెక్క. గిట్ల పోవాలె" అంటూ గుడ్డ తాను విసిరాడు.

నా గుండె ఎగిరి గంతేసింది. వంక పెట్టాడు! బేరం కుదిరినట్టే. అక్కడితో ఆగితే నేను ఆ ఇంటి బిడ్డనెలా అవుతాను? మెరిసే కట్‌పీసుతో చొక్కా, ప్యాంటు, టోపీ అడిగి, చివరికి ఒక్క ప్యాంటు దగ్గర బేరం ఖాయం చేసుకున్నాను. వార్షికోత్సవం నాడు నా అల భుజం దాటగానే మొదటి వరుసలోని బాపు పక్కాయన వైపు వంగి, "మా సరుకే" అన్నాడట.

బాపు లేడు, ఆ దుకాణమూ లేదు. మొన్న అదే వీధిలో అద్దాల షాపుకు వెళితే బట్టలన్నీ ప్లాస్టిక్ సంచుల్లో, ఏ వాసనా లేకుండా ఉన్నాయి. అలవాటుకొద్దీ ఒక చీరకు అంచు సన్నమని, రంగు వెలిసేలా ఉందని రెండు వంకలు పెట్టాను. కౌంటర్‌లోని అమ్మాయి "సరే మేడమ్" అని మర్యాదగా మడిచి లోపల పెట్టేసింది.

ఆ చీర నాకెంత నచ్చిందో పాపం, ఆ పిల్లకు తెలియలేదు.