పద్నాలుగో స్లైడు

టైపిస్టక్క పోయిందన్న కబురు పొద్దున్నే మా ఆఫీసు వాట్సాప్ గ్రూపులో వచ్చింది. గుండెనొప్పట. పాడేరులో ఆవిడ అద్దెకుండే గది పక్కవాళ్ళు ఆటోలో ఆస్పత్రికి తీసుకెళ్ళేసరికే అయిపోయిందట. కబురు కింద వరసగా దండం పెట్టే బొమ్మలు పడ్డాయి. "ఒక ఫోటో ఉంటే పెట్టండి, ఫ్లెక్సీ వేయిద్దాం" అని ఎవరో అడిగారు. అందరం ఫోన్లు వెతుక్కున్నాం. జరిగిన ప్రతి మీటింగు ఫోటోలూ ఉన్నాయి, వాటిలో అక్క మాత్రం లేదు. ఎలా ఉంటుంది? మేమంతా తెర ముందు నిలబడి నవ్వుతుంటే ఆవిడ ల్యాప్‌టాప్ వెనక కూర్చునేది.

టైపు మిషన్లు పాత సామాన్ల గదిలోకి వెళ్ళి ఏళ్ళయినా ఆ పేరు ఆవిడకు ఉండిపోయింది. కాగితాల మీద మాత్రం కాంట్రాక్టు కంప్యూటర్ ఆపరేటరు. ఊరు కొండ మీద, గెడ్డకి, అంటే కొండవాగుకి, అవతల. కుర్చీ వెనక ఎప్పుడూ ఒక నల్ల గొడుగు వేలాడుతుండేది. దాని ఊచ ఒకటి విరిగితే తీగ చుట్టి బాగుచేసుకుంది. ఎండైనా వానైనా అది లేకుండా ఆవిడ గుమ్మం దాటడం నేను చూడలేదు.

నేను విజయనగరం వైపు మైదానం మనిషిని. విశాఖలో ఇంజనీరింగ్ చదువుకుని మొదటి పోస్టింగుకి పాడేరు వచ్చాను. ఈ కొండ మీద కంప్యూటర్ గురించి నాకు ఒకరు చెప్పేదేమిటన్న పొగరు నిండుగా ఉండేది. చేరిన వారంలోనే మా ఆఫీసు చేస్తున్న పనుల మీద ఊరికొక స్లైడు చొప్పున తయారు చెయ్యమన్నారు. మౌస్ పట్టుకుని ఒక్కో పెట్టె గీసుకుంటూ మధ్యాహ్నం దాకా తంటాలు పడుతున్నాను. వెనక ఎవరో నిలబడినట్టనిపించింది.

"ఏటి సేత్తన్నారు మేడం?"

"స్లైడ్లు. కనిపించడం లేదా?" అన్నాను.

"కనిపిత్తంది. ఆ ఎలక కుడితిలో పడ్డట్టు తిరగతంది. ఒకపాలి లెగండి."

లేచాను. ఆవిడ నా కుర్చీలో కూర్చుని ముందు మౌస్‌ని తీసి మానిటర్ వెనక్కి నెట్టేసింది. "కంట్రోల్ పట్టుకుని డి కొట్టండి, ఉన్న స్లైడుకి కవల పుడతాది. ఒకదానికి ముస్తాబు సేసి కంట్రోల్, షిఫ్ట్, సి. ఇంకోదాని కాడికెళ్ళి కంట్రోల్, షిఫ్ట్, వి. ఆ రంగూ ఆ అచ్చరమూ దీనికొచ్చేత్తాయి." నేను పూటంతా చేసింది ఆవిడ టీ చల్లారేలోపు చేసి లేచిపోయింది. థాంక్స్ చెప్పానో లేదో గుర్తు లేదు. చెప్పి ఉండను.

తర్వాత్తర్వాత ఆవిడే నాకు గురువైంది. మా ఆఫీసులో కరెంటు పోవడం మామూలే. పోగానే నేను ఫోన్ తీసేదాన్ని. "కరెంటు పోతే సేతులకి సెలవా మేడం?" అనేది. వట్టి బల్ల మీద వేళ్ళు పెట్టించేది. "మొదట్నించీ షో!" అంటే ఎఫ్ ఐదు ఉండే చోట నొక్కాలి. "ఉన్న కాడ్నించి షో!" అంటే షిఫ్ట్ కూడా కలపాలి. "కొత్త స్లైడు!" అంటే కంట్రోల్, ఎమ్. తప్పు నొక్కితే వేలి మీద చిన్న దెబ్బ వేసేది. ఆఫీసరు వేలు కదా అని ఏమీ జంకేది కాదు. ఫైళ్ళ కోసం వచ్చినవాళ్ళు మా ఇద్దర్నీ చూసి నవ్వుకునేవారు.

ఒకసారి అరకులో కాఫీ రైతుల శిక్షణ పెట్టాం. నేను మాట్లాడుతుంటే వెనక వరసలో ఒకామె లేచి, మంచులో కాఫీ పళ్ళు ఆరడం లేదని తన బాధ చెప్పుకోసాగింది. మెల్లగా మాట్లాడుతోంది. అందరి కళ్ళూ, నావి కూడా, తెర మీద రంగుల బొమ్మ మీదే ఉన్నాయి. ఉన్నట్టుండి తెర నల్లబడిపోయింది. ప్రొజెక్టరు పోయిందని నేను పరుగెత్తుకెళ్ళాను.

"పోలేదు మేడం, బి నొక్కాను" అంది అక్క గుసగుసగా. "మనిసి మాటాడతన్నప్పుడు తెర మాటాడకూడదు."

ఆ రైతు చెప్పడం అయ్యాక అక్క మళ్ళీ బి నొక్కింది, బొమ్మ వచ్చింది. అక్క అన్న ఆ మాట నేను తర్వాత చాలా చోట్ల వాడుకున్నాను, నాదే అన్నట్టు. జనం మెచ్చుకుంటే తల ఊపాను. ఇక్కడితో ఆగి ఉంటే ఈ నాలుగు ముక్కలూ రాయడానికి నాకింత సిగ్గు ఉండేది కాదు.

కిందటి వానాకాలంలో పైనుంచి ఒక పెద్ద అధికారి వస్తున్నారన్నారు. స్లైడ్లన్నీ అక్కే చేసింది. అప్పుడే, అంతకాలానికి మొదటిసారి, నన్ను ఒకటి అడిగింది.

"మేడం, మా గెడ్డది ఒక్క స్లైడు ఎడతాను. మాట కూడా అక్కర్లేదు, బొమ్మ సాలు. ఓ సిన్న వంతెన పడితే పిల్లగుంటలు బడికెల్తారు."

సరే అన్నాను. పద్నాలుగోది అది. పొంగిన గెడ్డ ఫోటో, కింద ఒకే వాక్యం: వాన పడితే మూడు ఊళ్ళు అవతలే.

ముందు రోజు సాయంత్రం మా సారు, "పది నిమిషాల్లో ముగించమ్మా, మనం చేసినవి చూపించు" అన్నారు. ఆ స్లైడు తీసెయ్యమని ఆయన అనలేదు. అసలు దాన్ని చూడనే లేదు. భయపడింది నేను. పనులన్నీ బాగున్నాయని చెప్పి మధ్యలో ఈ గెడ్డ పెడితే పెద్దాయన ముఖం మాడ్చుకుంటారేమో, నా పేరు చెడుతుందేమో అనుకున్నాను. పూర్తిగా తీసేయడానికి మనసొప్పలేదు. అందుకని, చెప్పడానికి నోరు రావడం లేదు గానీ, అక్కనే అడిగాను. స్లైడు ఫైల్లో ఉండాలి, షోలో కనబడకూడదు, ఎలాగ?

ఏ స్లైడని ఆవిడ అడగలేదు. "ఆల్ట్ నొక్కి వొగ్గీండి, పట్టుకోనక్కర్లేదు. తరవాత ఎస్, ఆ తరవాత హెచ్. నంబరు మీద అడ్డగీత పడతాది, అంతే" అని చెప్పి గొడుగు తీసుకుని వెళ్ళిపోయింది. ఆవిడ నేర్పిన కీలతోనే ఆవిడ గెడ్డని దాచేశాను.

మర్నాడు నేను మాట్లాడుతున్నాను, కీలు అక్క నొక్కుతోంది. పదమూడు అయింది. ఆవిడ బాణం కీ నొక్కింది. పదిహేను వచ్చింది. ఆవిడ వేలు ఒక్క క్షణం గాల్లో ఆగడం చూశాను. తర్వాత పదహారు, పదిహేడు, చివరిదాకా సాఫీగా నడిపించింది. "చాలా బాగా చేశావమ్మా" అన్నారు పెద్దాయన. "థాంక్యూ సర్" అన్నాను. పక్కనున్న మనిషి వైపు చెయ్యి కూడా చూపించలేదు.

అందరూ వెళ్ళాక వైర్లు చుడుతూ అంది. "మేడం, నిన్న ఒకటి సెప్పడం మర్సిపోనాను. స్లైడు దాసినా, షో నడుత్తన్నప్పుడు దాని నంబరు కొట్టి ఎంటర్ నొక్కితే వచ్చేత్తాది. దాసింది పోదు. నంబరు గురుతుంటే సాలు."

ఆవిడకది ముందు నుంచీ తెలుసు. పదిహేను వచ్చి వేలు ఆగినప్పుడు కూడా తెలుసు. నొక్కలేదు. అది నన్ను దెప్పడమో, పాఠం పూర్తి చెయ్యడమో నాకు ఈరోజుకీ తెలీదు. నాలుగు తిట్టి ఉంటే నా పాపం కొంత పోయేది. ఆ తర్వాత నేను ఆవిడ బల్ల దగ్గరికి వెళ్ళడం మానేశాను. పక్క గదికి కూడా మెయిల్లో పని పంపేదాన్ని.

ఆవిడ పోయిన రోజు శవం వెంట జీపులో వెళ్ళాను. గెడ్డ దగ్గర బళ్ళు ఆగిపోయాయి. పైన వాన పడిందట, నీళ్ళు తగ్గాలని మధ్యాహ్నం దాకా ఒడ్డునే కూర్చున్నాం. ఎక్కడో చూసిన చోటులా అనిపించింది. ఎక్కడో ఏమిటి, పద్నాలుగో స్లైడు అదే. అదే మద్దిచెట్టు, అవే రాళ్ళు.

ఒకాయన వచ్చి నా పక్కన కూర్చున్నాడు. అక్క తమ్ముడు.

"మా అప్ప ఆపీసు మేడం మీరే గదా. గెడ్డ బొమ్మ పెద్దోలకి సూపించినారంట. అప్ప ఊరందరికీ సెప్పుకుంది. మా మేడం ఎంత పెద్ద తెర మీద ఏసిందో అని."

ఒక ముసలామె గిన్నెతో చోడంబలి తెచ్చి, "తాగమ్మా, మా కోసం కట్టపడ్డావు" అంది. చూపించలేదు, దాచేశాను అన్న మాట గొంతు దాకా వచ్చింది. అంబలితో పాటు దాన్నీ మింగేశాను.

నీళ్ళు నడుము లోతుకి తగ్గాక, అక్కని పడుకోబెట్టిన మంచం నలుగురు ఎత్తుకున్నారు. చెప్పులు ఒక చేత్తో పట్టుకుని, ఇంకో చేత్తో ఆ ముసలామెని పట్టుకుని నేనూ దాటాను. ఊరి వెనక జీలుగు చెట్ల దగ్గర మట్టి చేశారు. నిజం నేను ఆ ఊళ్ళో ఇంకా చెప్పలేదు. మీకు చెప్పడం తేలిక, మీరు నాకు అంబలి పొయ్యలేదు కదా. వెళ్ళి చెప్పాలి.

మొన్న ఆ పెద్దాయనే మళ్ళీ వచ్చారు. అదే ఫైలు, అంకెలు మాత్రం కొత్తవి. కీలు నొక్కడానికి ఎవరూ లేరు, నేనే నొక్కుకుంటున్నాను. పదమూడు దగ్గర ఆగాను. బల్ల మీద నేర్చుకున్న వేళ్ళు ఒకటి, నాలుగు, ఎంటర్ నొక్కాయి.

గోడంత తెర మీద గెడ్డ వచ్చింది. మా సారు నా వైపు తిరిగారు. నేను తెర వైపే చూస్తున్నాను. చిన్న స్క్రీన్ మీద నేనెప్పుడూ సరిగ్గా చూడనిది అప్పుడు కనబడింది. వాన వెలిసిన ఎండలో తీసిన ఫోటో అది. ఇవతలి ఒడ్డు రాళ్ళ మీద, ఫోటో తీస్తున్న మనిషి నీడ పడింది. రెండు మోచేతులూ ఎత్తి ఫోన్ పట్టుకుంది. భుజాన గొడుగు, దానికొక వంగిన ఊచ.

"ఊఁ, నెక్స్ట్" అన్నారు పెద్దాయన.

నేను ఏ కీ నొక్కలేదు.