ఘాటు రాని మిరపకాయలు

అమెరికాలో, మోంటానా రాష్ట్రంలో మా మట్టిరోడ్డు మీద ఉన్నవి రెండే ఇళ్లు. ఒకటి మాది, అర మైలు అవతలిది ఆవుల్ని పెంచుకునే ఓ ఒంటరి ముసలాయనది. మా ఆయన ఇక్కడి చిన్న ఆస్పత్రిలో డాక్టరు. ఆయన తెల్లారకముందే డ్యూటీకి వెళ్లిపోతే ఇంట్లో నేనొక్కదాన్నే.

చలి మొదలైన దగ్గర్నుంచి రోజూ పొద్దున ముసలాయన పికప్ ట్రక్కు మా గేటు ముందు ఆగేది. దిగేవాడు కాదు, పలకరించేవాడు కాదు. తల పైకెత్తి మా ఇంటికేసి చూసి వెళ్లిపోయేవాడు. ఏం చూడ్డానికి? మాలాంటి మొహాలు ఇక్కడికెందుకొచ్చాయనా? కర్టెన్ సందులోంచి ఫోన్‌తో ఫోటోలు తీసి దాచుకున్నాను.

"నువ్వు ఊరికే టెన్షన్ పడుతున్నావ్," అన్నారు మా ఆయన.

"రోజంతా ఒంటరిగా ఉండేది మీరు కాదుగా. కాంట్రాక్ట్ రెన్యూ చేయకండి, చాండ్లర్ వెళ్లిపోదాం, అక్కడైతే వీధి నిండా మన తెలుగువాళ్లే."

ఆయన నవ్వేశారు. నాకు ఒళ్లు మండింది. పికప్ వెళ్లగానే నాకు నేనే దిష్టి తీసుకోవడం మొదలుపెట్టాను. ఉప్పు, ఎండుమిరపకాయలు మూడుసార్లు తిప్పి కట్టెల స్టవ్‌లో పడేసి తలుపు మూసేదాన్ని. ఒక్కరోజూ ఘాటు రాలేదు, దగ్గు రాలేదు. ఎంత దిష్టి తగిలిందో అని ఇంకా హడలిపోయాను. పొగంతా గొట్టంలోంచి పైకి పోతోందని బుర్రకు తట్టనేలేదు.

జనవరిలో ఒకరోజు పికప్ రాలేదు. మర్నాడూ రాలేదు. కిటికీలోంచి చూస్తే ఆయన ఇంటి పొగగొట్టంలో పొగ కూడా లేదు. ఎక్కడికో పోయాడు, పీడా విరగడైంది అనుకున్నాను. మిరపకాయలు పనిచేశాయని మా ఆయనకు గొప్పగా మెసేజ్ కూడా పెట్టాను.

మూడోరోజు మా ఆయన ఆస్పత్రి నుంచి ఫోన్ చేశారు. "మన పక్కింటాయన్ని తీసుకొచ్చారు. వంటింట్లో జారిపడి తుంటి విరిగింది. రెండు రాత్రులు నేల మీదే ఉన్నాడట. పోస్ట్ తెచ్చే ఆవిడ చూసింది. చలికి కాలివేళ్లు గడ్డకట్టాయి, ఉంటాయో లేదో చెప్పలేం."

సాయంత్రం పులిహోర డబ్బా పట్టుకుని ఆస్పత్రికి వెళ్లాను. ముసలాయన నన్ను చూసి దుప్పటి సర్దుకున్నాడు.

"చలికాలంలో ఇక్కడ ఒకరింటి పొగ ఒకరు చూసుకుంటాం. పొద్దున పొగ లేకపోతే వెళ్లి తలుపు కొడతాం," అన్నాడు. "మీరూ మా ఇంటివైపు చూస్తూ ఉంటారనుకున్నాను."

"మా కిటికీలోంచి కనిపించదండీ," అన్నాను.

"అయితే మీరేం చేస్తారు లెండి," అని నా చేతిని మెల్లగా తట్టాడు.

బయటికొచ్చి కార్‌లో కూర్చుని ఫోన్‌లో ఫోటోలన్నీ తెరిచాను. ఒక్కదాంట్లోనూ ఆయన నా కిటికీకేసి చూడటంలేదు. అన్నిట్లోనూ మా పొగగొట్టాన్నే చూస్తున్నాడు.