నొప్పి ఆమెది, కేక నాది

మా వాడకట్టులో ఎవరికైనా గాలి సోకిందంటే మొదట నవ్వేది నేనే. మా అమ్మ కట్టిన తాయెత్తు కూడా తెంపి పడేసినదాన్ని. ఇప్పుడు చెప్పేది దెయ్యం సంగతి కాదు. దీన్ని ఏమనాలో నాకే తెలియదు కాబట్టి జరిగింది జరిగినట్టు చెప్తాను.

నేను పటాన్‌చెరు దగ్గర ఒక మందుల కంపెనీలో మాత్రల ప్యాకింగ్‌లో పనిచేస్తాను. నా చెల్లెలు స్వరూప, ఆమె భర్త రమేష్ ఇస్నాపూర్‌లో మా పక్క గదిలోనే కిరాయికి ఉంటారు.

ఆ పొద్దున షిఫ్ట్ మధ్యలో నాకు బొడ్డు చుట్టూ నొప్పి మొదలైంది. ఎవరో పేగు పట్టుకుని తడిబట్ట పిండినట్టు పిండుతున్నారు. మా సెక్షన్‌లోంచి బయటికి రావాలంటే తల నుంచి కాళ్ల దాకా కప్పిన డ్రెస్సంతా విప్పాలి, తిరిగి వెళ్లేటప్పుడు మళ్లీ తొడుక్కోవాలి. ఆ తిప్పలు పడలేక చాలామందిమి నీళ్లు కూడా తాగం. అలాంటిది ఆరోజు అన్నీ విప్పేసి, సూపర్‌వైజర్‌తో మాటపడి మరీ ఇంటికొచ్చాను.

పక్క గది తలుపు తెరిచే ఉంది. స్వరూప చాప మీద ముడుచుకుని పడుకుంది.

"ఏం లేదక్కా, జెర గ్యాస్ పట్టినట్టుంది. వాము నీళ్లు తాగిన" అంది.

ఎక్కడే అంటే బొడ్డు చుట్టూ చెయ్యి తిప్పి చూపించింది. నా చెయ్యి అప్పటికే నా కడుపు మీద సరిగ్గా అక్కడే ఉంది. మా స్వరూప ఓర్చుకునే రకం. కాన్పులో కూడా గట్టిగా అరవలేదు. అందరూ మెచ్చుకునే ఆ ఓర్పు చూస్తే నాకు మాత్రం ఒళ్లు మండుతుంది. రమేష్‌కు ఫోన్ చేసి పిలిపించి, ముగ్గురం ఆటోలో ఆస్పత్రికి వెళ్లాం.

డాక్టరమ్మ చెల్లెలి కడుపు నొక్కింది. చెల్లెలు పెదవి బిగపట్టింది. కేక పెట్టింది నేను.

"పొట్ట మెత్తగానే ఉంది" అంటున్న డాక్టరమ్మ ఆగిపోయింది. "ఏందమ్మా, నేను నొక్కింది ఆమెను కదా?"

చిరాకు పడుతూనే నన్ను పక్క మంచం ఎక్కించి చూసింది. నా కడుపు ఎంత నొక్కినా నొప్పి పెరగలేదు. తర్వాత మధ్యలో తెర లాగి మళ్లీ చెల్లెలి దగ్గరికి వెళ్లింది. ఆమె ఎప్పుడు నొక్కుతుందో నాకు కనబడదు. అయినా నొక్కిన ప్రతిసారీ మంచం కమ్మీ పట్టుకుని అరిచాను. రమేష్ తెరకు అటూ ఇటూ చూస్తూ "గిదేంది మేడమ్?" అన్నాడు. పాపం, అతని మొహంలో నెత్తురు చుక్క లేదు.

డాక్టరమ్మ తెర పక్కకు లాగింది. చెల్లెలి పక్కన కూర్చుని, "నిజం చెప్పమ్మా, ఎంత నొస్తుంది?" అని అడిగింది. స్వరూప ఒక్కసారిగా భోరుమంది. "సస్తున్న మేడమ్" అంది. వెంటనే స్కాన్ రాశారు.

పేగుల నుంచి రక్తాన్ని వెనక్కి తీసుకెళ్లే సిరల్లో గడ్డలు కట్టాయట. రక్తం పోయే దారి లేక పేగు ఉబ్బిపోయి, ఒక ముక్క చచ్చుబడుతోందట. గ్యాస్ మందిచ్చి ఇంటికి పంపి ఉంటే మనిషి దక్కేది కాదన్నారు.

ఈమధ్య ఏం మందులు వాడావని అడిగితే స్వరూప నసిగింది. ఇస్మాయిల్‌ఖాన్‌పేట అమ్మవారి మొక్కు కోసం నెలసరి ఆపే మాత్రలు కొనుక్కుంది. మొక్కు తీరగానే ఆడపడుచు ఇంట్లో గృహప్రవేశం వచ్చింది. ఆపకుండా అవే మింగింది. మా ఆడవాళ్లలో ఇది మామూలే, అమ్మవారి ముందు మైలతో నిలబడకూడదు కదా! అందరికీ ఇలా జరగదు కానీ, కొందరికి రక్తం గడ్డకట్టడానికి అవీ కారణం కావచ్చని డాక్టర్లు చెప్పారు.

ఆపరేషన్ థియేటర్ బయట నేను కడుపు పట్టుకునే కూర్చున్నాను. ఉన్నట్టుండి నొప్పి ఆగిపోయింది. దీపం ఆర్పినట్టు, ఒక్కసారే.

నొప్పి పోయిందంటే చెల్లెలు పోయిందనే అనుకున్నాను. లేచి నిలబడి నా పొట్ట నేనే గుద్దుకున్నాను. "రావే, మళ్లీ రా" అని నొప్పిని బతిమాలాను. రమేష్ నా చేతులు పట్టుకుని "అక్కా, నువ్వు గిట్ల జేస్తే నేనేం గావాలె?" అని ఏడ్చాడు. లోపల మత్తిచ్చింది అప్పుడేనని తర్వాత తెలిసింది.

పేగు ముక్క తీసేసి కుట్లేశారు. చెల్లెలు బతికింది. రక్తం పలచబడే మందు ఇంకా వాడుతోంది. నాకూ స్కాన్ తీశారు, ఏమీ లేదు. అక్కాచెల్లెళ్లు కదా, బెంగతో అలా అనిపించి ఉంటుందని డాక్టరమ్మ అంది. మరి తెర అవతల నొక్కితే ఇవతల నాకెలా తెలిసిందంటే ఆమె మళ్లీ నా స్కాన్ కాగితాలే తిరగేసింది.

ఆపరేషన్ నాటి ఆ సాయంత్రం మాత్రం మరిచిపోలేను. థియేటర్ తలుపు ఇంకా మూసే ఉంది. లోపలి నుంచి ఎవరూ ఏమీ చెప్పలేదు. ఉన్నట్టుండి నా బొడ్డు దగ్గర కత్తి పెట్టి కోసినట్టు నొప్పి లేచింది. గోడకు చేరగిలబడి, రెండు చేతులూ ఎత్తి ఆ నొప్పికే దండం పెట్టాను.

"రమేషూ, ఏడవకురా. మన స్వరూప లేచింది."