ఆరు పొద్దు బిళ్ళలు

పద్దెనిమిదేళ్ళుగా ఒక మాట నా గొంతులో చేపముల్లులా ఇరుక్కుని ఉంది. మింగితే దిగదు, కక్కితే పరువు పోతుంది. మీరెవరో నాకు తెలియదు కాబట్టి మీకు చెబుతున్నాను. తెలిసినవాళ్ళను నేను నమ్మను. ఆ మాటకొస్తే తెలియనివాళ్ళనూ పెద్దగా నమ్మను. మీరిది చదివి ఇంకొకరికి చూపించరని ఏమిటి గ్యారంటీ? అందుకే నా పేరు రాయడం లేదు. ఊరి పేరూ రాయడం లేదు. నెల్లూరు జిల్లాలో, పులికాట్ సరస్సు పక్కన చేపలు పట్టి బతికే ఊళ్ళలో ఒకటి అనుకోండి, చాలు.

పోలయ్య నాకంటే నాలుగేళ్ళు చిన్న. నన్ను అన్నా అని పిలిచేవాడు. మా ఊళ్ళో ఏ రోజు ఎవరు సరస్సులో ఏ చోట వల వేయాలో చీట్లు తీసి తేల్చుకుంటాం. ఆ చీట్లు రాసి, కుండలో వేసి, అందరి ముందూ తీసే పని పోలయ్యది. అంతకుముందు వాళ్ళ నాన్నది. ఊరి తగవులు తీర్చే పెద్దకాపు కూడా ఆ చేతిని ఏనాడూ శంకించలేదు. నేను శంకించేవాణ్ణి. ఎందుకు? మంచి చోటు నాకు రాని ప్రతిసారీ నాకొక కారణం కావాలి గదా.

ఒక ఏడాది సముద్రంలో వేట నిషేధం ఉన్న నెలన్నరా, ఎండలకు సరస్సులోనూ నీళ్ళు తగ్గి పనిలేక, నలుగురైదుగురం వలలు బాగుచేసుకునే పాకలో కూర్చుని కాలక్షేపానికి ఏదో ఒకటి చేసేవాళ్ళం. అప్పుడు పోలయ్య ఒక ఆట కట్టాడు. పాత తెరచాప గుడ్డ మీద బొగ్గుతో నాలుగు పట్టీలు గీశాడు. రాజుల కాలం, దొరల కాలం, మన కాలం, మనవళ్ళ కాలం. ఒక్కొక్కరికీ ఒక పడవ. ఆ పడవ కాలాల మధ్య తిరుగుతూ బేరాలు చేస్తుంది. రాజుల దగ్గర మిరియాలు కొని దొరలకు అమ్మొచ్చు. మన కాలంలో ఐసుగడ్డ కొని, కరిగేలోపు రాజుల కాలానికి చేర్చగలిగితే రాణులు ఎగబడి కొంటారు. నవ్వలేక చచ్చేవాళ్ళం.

మరి ఏ డబ్బుతో కొనాలి? రాజుల వరహా మన అంగట్లో చెల్లదు, మన నోటు వాళ్ళకు చిత్తుకాగితం. పోలయ్య ఆలోచించి, పొద్దు ఏ కాలంలోనైనా ఒకటే గదా అన్నాడు. అట్లా 'పొద్దు' మా డబ్బయింది. ఒక మనిషి ఒక రోజు కష్టం ఒక పొద్దు. మనవళ్ళ కాలం నుంచి మాత్రం పొద్దులు అప్పు తేకూడదని వాడే నియమం పెట్టాడు. వల నీళ్ళ మీద తేలడానికి వాళ్ళ నాన్న కట్టిన బెండ్లు కొన్ని విప్పి, పలచగా కోసి, కాల్చిన మేకుతో ఒక్కోదాని మీద సూర్యుడి గుర్తు పెట్టాడు. మొత్తం వంద బిళ్ళలు. ఆట ముగిశాక రోజూ వాడే పైకి లెక్కపెట్టి సంచిలో వేసేవాడు.

రోజూ వాడే గెలిచేవాడు. డబ్బు చేసినవాడే ఆడితే గెలవడా? వాడి లుంగీ మడతలో ఇంకో పాతిక బిళ్ళలు ఉన్నాయని నాకు నేనే తేల్చుకున్నాను. చూశానా? లేదు. అడిగానా? అదీ లేదు. వాళ్ళ నాన్న వలలో సగం బాగుచేయడానికి నా దగ్గరే ఉంది. అందులోంచి ఒక బెండు విప్పాను. ఆరు బిళ్ళలు కోశాను. మేకు కాల్చి సూర్యుణ్ణి పెట్టాను. దొంగను దొంగదారిలోనే కొడుతున్నానని అనుకున్నాను. మర్నాడు ఆ ఆరింటితో మిరియాలు కొని, మొదటిసారి గెలిచాను.

ఆట అయ్యాక పోలయ్య లెక్కపెట్టాడు. తొంభైతొమ్మిది, వంద. అక్కడ ఆగిపోవచ్చు. మిగిలినవి గుప్పిట్లో దాచేయొచ్చు, నేను తప్ప ఎవరూ చూడటం లేదు. వాడు ఆగలేదు. నూటొకటి అన్నాడు, గొంతు తగ్గింది. నూటఆరు దాకా పైకే లెక్కపెట్టాడు. వాడు దొంగ కాడని నాకు ఆ క్షణాన తెలిసిపోయింది. తెలిసీ నోరు మెదపలేదు.

ఇక్కడితో ఆగి ఉంటే పిల్లలాట అని సరిపెట్టుకునేవాణ్ణి. ఎవరో వచ్చి పిలిస్తే వాడు ఇంటికి వెళ్ళాడు. వాడటు వెళ్ళగానే నేను పాకలో మిగిలినవాళ్ళతో నవ్వుతూ ఒక మాట అన్నాను.

"ఆటలోనే బిళ్ళలు పెంచినోడు, చీట్లు మార్చడని ఏందిరా నమ్మకం?"

ఎవరూ నవ్వలేదు. ఒక్కొక్కడికీ తనకు రాని మంచి చోట్లన్నీ గుర్తొచ్చాయి. వారం తిరక్కుండానే ఆ మాట పెద్దకాపు దాకా పోయింది. పోలయ్య వల మీద చెయ్యి వేసి ప్రమాణం చేశాడు. అయినా కుండ వాడి చేతిలోంచి తీసేశారు. తీసి ఎవరికిచ్చారో ఊహించండి. నాకే. నేను వద్దనలేదు.

వాడు ఊళ్ళో ఉండలేకపోయాడు. నాయుడుపేటకు వెళ్ళిపోయే ముందు సగం వల తీసుకుపోవడానికి మా ఇంటికొచ్చాడు. తాడు పట్టుకుని చివరిదాకా తడిమాడు.

"బెండు ఒకటి తక్కువుండాదే అన్నా."

"ఎలకలు కొరికినాయేమో రా."

వాడు తాడు చుట్టి వలను భుజాన వేసుకున్నాడు. "ఎలకలే అయ్యుంటాయిలే. ఊళ్ళో నువ్వొక్కడివే నన్ను దొంగ అనలా. నాకది చాలు."

తెలిసే అన్నాడా? తెలియక అన్నాడా? పద్దెనిమిదేళ్ళుగా ఆ మాటను తిరగేసి మరగేసి చూస్తున్నాను. తెలిసి అన్నాడనుకున్న రోజు వాడి మీద కోపం వస్తుంది. తెలియక అన్నాడనుకున్న రోజు అన్నం దిగదు. గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకునే బతుకైపోయింది నాది. ఇద్దరు మాట్లాడుకుంటుంటే నా గురించేనేమో అనిపిస్తుంది. ఒకసారి నాయుడుపేట వెళ్ళి, వాడు పనిచేసే చేపల కొట్టుకు ఎదురుగా ఒక అంగడి నీడలో నిలబడ్డాను. ఒకప్పుడు తన వంతు నీళ్ళలో తను వల వేసుకున్నవాడు, ఇప్పుడు ఎవరో పట్టిన చేపలు కోస్తున్నాడు. నన్ను చూసి, అన్నం తిన్నావా అన్నా అని అడిగాడు. తిన్నానని చెప్పి బస్సెక్కాను.

నేను ఒక్క చీటీ కూడా మార్చలేదు. మీరు నమ్మినా నమ్మకపోయినా. ఇప్పుడు ఊరివాళ్ళు నా కొడుకుకు కూడా చీట్లు రాయడం నేర్పమంటున్నారు, నిజాయితీ గల చెయ్యి అని.

అందుకే రాస్తున్నాను. బెండు కోసింది నేను. చీట్ల మాట అన్నది నేను. పోలయ్య ఏ తప్పూ చేయలేదు. ఇంత విడమర్చి దేవుడి దగ్గర కూడా ఎప్పుడూ అనలేదు. మంచివాడినని అనిపించుకోవడానికే ఇదంతా రాస్తున్నానేమో అని నా మీద నాకే అనుమానంగా ఉంది. అయినా కాస్త ఊపిరాడుతోంది, కాదనను. వాడికి చెప్పాల్సిన మాట మీకు చెప్పాను.